బోనుకు ఏ వైపున మనం?

జంతువును చూచి నవ్వడం సులభం. కోతికి అరటిపండు చూపి, అది చేయి చాచగానే వెనుకకు లాగితే చుట్టూ ఉన్న పదిమందీ నవ్వుతారు. ఆ నవ్వులో కోతికి మాత్రం భాగం లేదు. డచ్చి చిత్రదర్శకులు బెర్ట్ హాన్‌స్ట్రా (1916–1997) నవ్వించిన తీరు వేరు.

1962లో ఆయన 'జూ' అనే లఘుచిత్రాన్ని వెలువరించారు. నిడివి సుమారు 11 నిమిషాలు. 1838లో ఆమ్‌స్టర్‌డామ్ నగరంలో వెలసిన ఆర్టిస్ జంతు ప్రదర్శనశాలయే దానికి రంగస్థలం. వ్యాఖ్యానం లేదు. సందర్శకులను వారెరుగకుండా రహస్య కెమెరాతో చిత్రించి, ఆ ముఖాల సరసన జంతువుల ముఖాలను కూర్చారు. కొంతసేపటికి ఎవరు ఎవరిని చూడవచ్చారో తెలియదు! మృగానికి అవమానం లేదు. మనిషికి కొంచెం సిగ్గు, అదీ మందహాసంతో కూడిన సిగ్గు. మరుసటి ఏటి 'అలెమాన్' చిత్రంలో అదే కెమెరాను తమ దేశ ప్రజలందరి వైపు త్రిప్పారు.

ఇంతటి మెత్తని హాస్యం బోనును మరపిస్తుందని కొందరి ఆక్షేపణ. అది త్రోసిపుచ్చదగినది కాదు. 'జూ' చిత్రం బంధనంపై అభియోగపత్రం కాదు. చూచినవాడు కన్నీరు పెట్టడు. ఐనా నా అభిప్రాయంలో, కోపంతో చూచినవాడు బోనును మాత్రమే చూచి వెళ్ళిపోతాడు. చిరునవ్వుతో నిలిచినవాడు లోపలి ప్రాణిని చూడడానికి మరికొంతసేపు ఆగుతాడు.

హాన్‌స్ట్రా అలాగే ఆగారు. 1972లో మనుష్యుల, జంతువుల ప్రవర్తనను పోల్చుతూ పూర్తి నిడివి చిత్రం తీశారు. 1984లో ఆర్న్‌హెమ్ నగరంలోని బర్గర్స్ జంతుశాలకు వెళ్ళి, అక్కడి చింపాంజీల కుటుంబ జీవనాన్ని చిత్రించారు. ఆ చింపాంజీలపైనే ఫ్రాన్స్ డి వాల్ అనే శాస్త్రజ్ఞుడు ఏండ్ల తరబడి పరిశోధన సాగించి, 1982లో గ్రంథం ప్రకటించి ఉన్నారు. పోట్లాడుకొన్న చింపాంజీలు పిదప దగ్గరకు చేరి, ముద్దాడి, కౌగిలించుకొని రాజీపడతాయని లోకానికి చాటినవారు ఆయనే. (మన వసతిగృహాలలో ఈ విద్య ఇంకా పూర్తిగా అలవడలేదు.) ఇరువది రెండేండ్ల క్రితం ముఖాల పోలికగా మొదలైన పరిహాసం ఇక్కడ మనస్సుల పరిశీలనగా పరిణమించింది.

హైదరాబాదులో నెహ్రూ జంతుశాల 1963లో ప్రారంభమైంది. జంతుశాలలో మృగాలను వేధించడం, వాటికి తిండి వేయడం, కేకలతో కలవరపెట్టడం నేరమని 1991లో వన్యప్రాణి సంరక్షణ చట్టంలో చేర్చారు. ఐనా సెలవుదినాన కోతుల బోను వద్ద కాసేపు నిలిస్తే ఆ చట్టం ఎంత దూరం చేరిందో తెలుస్తుంది. కేకలు వేసేవారిలో చదువుకొన్న యువకులే అధికం.

కళాశాల కమిటీవారికి ఒక మనవి. ఇకమీదట విద్యార్థులను జంతుశాలకు తీసుకొని వెళ్ళే ముందు రోజున 'జూ' చిత్రాన్ని సంపాదించి సభామందిరంలో ప్రదర్శించాలి. దానికి పదకొండు నిమిషాలు చాలు. అందులో వ్యాఖ్యానం లేదు గనుక ఉర్దూ శాఖవారికీ, తెలుగు శాఖవారికీ వేర్వేరు అనువాదకులను వెదకే పని కూడా ఉండదు.