కాగితం లేకుంటే కన్నీళ్లు అబద్ధమా?

"ఆధారం ఏదీ? కాగితం చూపండి." దెబ్బలు తిన్నోళ్లు నోరు విప్పిన ప్రతిసారీ పాలకులు అడిగే ప్రశ్న ఇదే. ఆ కాగితం దాచిందెవరు, తగలబెట్టిందెవరు అని మేం అడుగుతున్నాం. కెన్యా ముచ్చట వింటే ఈ దొంగాట గుట్టు తెలుస్తుంది.

తెల్లదొరలు గుంజుకున్న భూముల కోసం కికుయు రైతులు అడవి బాట పట్టారు. మౌ మౌ గెరిల్లాలయ్యారు. 1952 అక్టోబరులో బ్రిటిష్ సర్కారు ఎమర్జెన్సీ పెట్టింది. వేలాది మందిని విచారణ లేకుండానే క్యాంపుల్లో కుక్కింది. కోర్టు రికార్డులు తిరగేసిన చరిత్రకారుడు డేవిడ్ ఆండర్సన్ ఉరికంబమెక్కిన వాళ్లే 1,090 మంది అని లెక్క తేల్చాడు. 1959లో హోలా క్యాంపులో 11 మందిని కొట్టి చంపారు. నీళ్లు తాగాక చనిపోయారని మొదట ప్రకటన ఇచ్చారు! 1963లో స్వాతంత్ర్యం వచ్చింది. అయినా మౌ మౌ మీద నిషేధం ఎత్తేసింది 2003లో. సొంత సర్కార్లూ వాళ్లను పట్టించుకోలేదన్నమాట.

హార్వర్డ్ చరిత్రకారిణి కరోలిన్ ఎల్కిన్స్ ఊళ్లు తిరిగింది. క్యాంపుల నుంచి బతికి బయటపడ్డ ముసలోళ్లను, అవ్వలను మాట్లాడించింది. 2005లో పుస్తకం తెచ్చింది. 2006లో పులిట్జర్ బహుమతి వచ్చింది. అయినా కొందరు పండితులు పెదవి విరిచారు. నోటిమాటలు చరిత్ర అవుతాయా అన్నారు. చనిపోయిన వాళ్ల సంఖ్యపై ఆమెతో వాదించొచ్చు. అది పండితుల హక్కు. కానీ అంకె తప్పంటూ అసలు గాయమే లేదంటే ఒప్పుకుందామా?

2009లో బాధితులు లండన్ హైకోర్టుకెక్కారు. చరిత్రకారులు వాళ్ల పక్షాన నిలబడి, దాచిన దస్త్రాల సంగతి నిలదీశారు. 2011లో గుట్టు రట్టయింది. హాన్‌స్లోప్ పార్క్ అనే సర్కారీ స్థావరంలో ఒక్క కెన్యావే దాదాపు 1,500 ఫైళ్లున్నాయి! పోతూ పోతూ కాల్చేసినవి వేరే. 2013 జూన్‌లో విదేశాంగ మంత్రి విలియం హేగ్ పార్లమెంటులో విచారం ప్రకటించాడు. 5,228 మందికి, ఖర్చులతో కలిపి, కోటీ 99 లక్షల పౌండ్లు ఇస్తామన్నాడు. చట్టపరమైన బాధ్యత మాత్రం ఒప్పుకోలేదు. అప్పటికే ఎంతమంది మట్టిలో కలిసిపోయారో!

ఉద్యోగ మిత్రులారా, ఫైలు విలువ మీకు తెలుసు. అది మాయమైతే ఎవరి బతుకు మాయమవుతుందో కూడా తెలుసు. విద్యార్థి మిత్రులారా, దస్త్రం దొరికేదాకా ఆగకండి. పోరాటాలు చూసిన ముసలోళ్లు బతికుండగానే పోయి అడగండి, రాసిపెట్టండి. అవ్వ మాట ముందు వచ్చింది, ఫైలు తర్వాత వచ్చింది. కెన్యాలో ఆ ఫైలు అవ్వ మాటే నిజమని సాక్ష్యం చెప్పింది.