పట్టాల చప్పుడుకు శ్రుతి

దర్శకుడు తార్కోవ్‌స్కీ తీసిన 'స్టాకర్' (1979)లో ముగ్గురు మనుషులు పట్టాల మీద నడిచే చిన్న మోటారు ట్రాలీ ఎక్కి నిషిద్ధ ప్రాంతంలోకి వెళ్తారు. నిమిషాల తరబడి మాటల్లేవు. కెమెరా వాళ్ల మెడల వెనక, చెంపల పక్కన నిలిచి ఉంటుంది. వినిపించేది చక్రాల టకటక ఒక్కటే. వింటూ ఉండగానే ఆ చప్పుడు మారిపోతుంది. అందులో ఇనుము బరువు తగ్గుతుంది. ఒక్కో దెబ్బ వెనక ఒక ప్రతిధ్వని, లోతైన బావిలోంచి వచ్చినట్టు, సాగుతూ పోతుంది. చివర ఒక్కసారిగా తెర మీద ఆకుపచ్చ రంగు, చుట్టూ నిశ్శబ్దం. చక్రాల చప్పుడు ఎక్కడ ఆగి సంగీతం ఎక్కడ మొదలైందో, ఎన్నిసార్లు వెనక్కి వెళ్లి విన్నా నాకు ఆ గీత దొరకలేదు. దాన్ని చెరిపేసిన మనిషి స్వరకర్త ఎద్వార్ద్ అర్తెమ్యేవ్.

1937లో నోవోసిబిర్‌స్క్‌లో పుట్టి, మాస్కో కన్సర్వేటరీలో యూరి షపోరిన్ దగ్గర చదువుకున్నాడు. 1960లో చదువు పూర్తవుతూనే యెవ్‌గేనీ ముర్జిన్ పరిచయమయ్యాడు. ముర్జిన్ సైన్యంలో ఇంజనీరు. స్క్రియాబిన్ అంటే ఉన్న భక్తితో, ఆ స్వరకర్త పూర్తి పేరులోని మొదటి అక్షరాలనే పేరుగా పెట్టి 'ఏఎన్ఎస్' అనే యంత్రాన్ని కట్టాడు. ఎండిపోని నల్లటి పూత పూసిన గాజుపలక మీద స్వరకర్త గీతలు గీకుతాడు. గీకిన చోట వెలుతురు దూరుతుంది, ఆ వెలుతురే ధ్వని అవుతుంది. నచ్చకపోతే నల్లపూతను మళ్లీ సర్దేసి ఇంకో గీత గీసుకోవచ్చు. మొత్తం 720 నాదాలు, ఒక్కో స్థాయిలో 72. మన మేళకర్తల లెక్కా అదే కావడం కాకతాళీయమే. కానీ స్వరానికీ స్వరానికీ మధ్య ఖాళీ జాగా లేదన్న సంగతి గమకం విని పెరిగిన చెవికి కొత్త కాదు. పియానో మెట్ల మధ్య పెరిగిన ఆ యువకుడికి మాత్రం అది కొత్త లోకం. వాద్యబృందం అక్కర్లేకుండా, చిత్రకారుడిలా ఒక్కడే కూర్చుని ధ్వనిని చేత్తో గీయడం అక్కడే అలవాటైంది.

'సొలారిస్' (1972) కోసం తార్కోవ్‌స్కీ ఆయన దగ్గరికి వచ్చింది బాణీల కోసం కాదు. బాణీ కావలసిన చోట బాఖ్ ఉన్నాడు. తార్కోవ్‌స్కీ కోరింది చప్పుళ్లను స్వరకర్త చెవితో కూర్చి పెట్టమని. ఎంతమంది సంగీతకారులు దీన్ని అవమానంగా తీసుకోకుండా ఉండగలరు? అర్తెమ్యేవ్ ఒప్పుకున్నాడు. టోక్యో రహదారుల మీద కారు పరుగు తీసే ఆ పొడవాటి ఘట్టంలో ట్రాఫిక్ రొద క్రమంగా ఎలా ఒత్తిడిగా, భయంగా మారుతుందో వింటే ఆ ఒప్పుకోలు విలువ తెలుస్తుంది.

'స్టాకర్'కు మొదట రాసిన సంగీతాన్ని తార్కోవ్‌స్కీ వద్దన్నాడు. అప్పుడు అర్తెమ్యేవ్‌కు దారి చూపించింది మన తంబురా. కదలకుండా నిలిచిన ఒకే ఆధార శ్రుతి, దాని మీద అజర్‌బైజాన్ తార్, వేణువు, వాటిని సింథసైజర్‌తో మసకబార్చిన తీరు. టైటిల్స్ దగ్గర ఆ శ్రుతి మొదలవగానే మన కచేరీ సభలో కూర్చున్నవాళ్లెవరికైనా పరిచయమైన గాలి తగులుతుంది.

అదే 1979లో దర్శకుడు కొంచలోవ్‌స్కీ 'సిబిరియాద'కు అర్తెమ్యేవే రాక్ సంగీతపు ఊపుతో రాశాడు. నికీతా మిఖల్కోవ్‌కు తొలి ఫీచర్ సినిమా (1974) నుంచీ ఇచ్చినవి నోటికి పట్టుకునే వరసలు. 'బర్న్ట్ బై ద సన్' (1994) ఆ సినిమాల్లో ఒకటి. వీటిని తక్కువ పనిగా, తార్కోవ్‌స్కీ సినిమాలను అసలు పనిగా చూసేవాళ్లున్నారు. నేను ఒప్పుకోను. వరస రాయడం చేతకాక మౌనం పాటించడం వేరు. గుండెనిండా వరసలున్న మనిషి, సినిమా అడిగిందని వాటిని పక్కన పెట్టడం వేరు. దొస్తొయెవ్‌స్కీ 'నేరము–శిక్ష' మీద ఆయన దశాబ్దాల పాటు రాసుకున్న ఒపేరా వింటే ఆ నిండుతనం ఎంతదో తెలుస్తుంది. 2022 డిసెంబరు 29న మాస్కోలో కన్నుమూశాడు.

మన దగ్గర సినిమా సంగీతమంటే పాటలే. పాట గురించి పుస్తకాలు రాశాం, రాయాలి కూడా. రీరికార్డింగ్ మాత్రం విడుదలకు ముందు రాత్రింబవళ్లు జరిగే పనిగానే మిగిలింది. సమీక్షలో దానికి దక్కేది 'నేపథ్య సంగీతం బాగుంది' అనే ఒక్క వాక్యం. ఏ ఘట్టంలో, ఏ వాద్యం, ఎందుకు ఆగిందో చెప్పే అలవాటు మనకు రాలేదు. అందుకే మా సినిమా వ్యాసకర్తలకు ఒక విన్నపం. ఈసారి రాసేముందు ఒక్క ఘట్టాన్ని కళ్లు మూసుకుని వినండి. ఫ్యాను చప్పుడు, వాన చినుకులు, గేటు కిర్రుమన్న శబ్దం, వాటి కింద ఎక్కడో నిలిచి ఉన్న ఒక తీగ. ఏది వినిపించిందో అదే రాసి పంపండి.