కనురెప్పకు గాయమా? చీటీలో 'కంటికి దెబ్బ' అని రాస్తే సరిపోదు!

జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి.. 2016 అక్టోబర్ 11న జిల్లాలయ్యాయి. మహబూబాబాద్‌కు 2022లో, మిగతా రెండింటికీ 2023లో ప్రభుత్వ మెడికల్ కాలేజీలొచ్చాయి. మరి రికార్డుల సంగతేంటి?

ప్రపంచ ఆరోగ్య సంస్థ ఐసీడీ-10లో కనురెప్ప కమిలితే కోడ్ ఎస్00.1. తెగితే ఎస్01.1. అమెరికా వెర్షన్‌లో ఇంకా వివరంగా ఉంటుంది. రెప్ప తెగి, లోపల ఏమీ ఇరుక్కోకపోతే కుడికి ఎస్01.111, ఎడమకు ఎస్01.112. ఏ వైపో రాయకపోతే ఎస్01.119. హైదరాబాద్‌లో అమెరికా బిల్లులు చూసే కోడర్లకు ఇది రోజూ ఉండే పనే.

మన దగ్గర దీంతో పనేంటంటే.. కొట్లాట కేసులే ఉదాహరణ. ఒక కంటి చూపు శాశ్వతంగా పోయినా, ముఖం శాశ్వతంగా వికారమైనా బీఎన్‌ఎస్ సెక్షన్ 116 ప్రకారం తీవ్ర గాయమే. పైగా ముక్కు వైపు రెప్ప తెగితే కన్నీటి నాళం కూడా దెబ్బతినే ఛాన్స్ ఉంది. మొదటి చీటీలో 'కంటికి దెబ్బ' అని వదిలేస్తే తర్వాత తేల్చడం కష్టం.

కోడ్‌తో గాయం మానదు. కానీ ఏ రెప్ప, కమిలిందా తెగిందా, లోపల ఏమైనా ఇరుక్కుందా అనేది రాయక తప్పదు. డిశ్చార్జ్‌కు ముందే చీటీలో ఈ మూడూ ఉన్నాయో లేదో చూసుకోవాల్సిందే.