పారిష్‌కి విచారణ ఏంటండీ?

ఆ మధ్య ఒక అనువాద కథల పుస్తకం మీద చర్చ జరిగింది. ఇంగ్లిష్ కథలో ఉన్న 'పారిష్'ని అనువాదకురాలు 'విచారణ' అని రాసింది. "పారిష్‌కి విచారణ ఏంటండీ, అదేమన్నా పోలీస్ స్టేషనా?" అన్నాడొక పెద్దమనిషి. అందరూ నవ్వారు. నాకప్పుడు నోరు పెగల్లేదు. ఇప్పుడు చెప్తాను.

ఆ మాట ఆమె పుట్టించింది కాదు. తెలుగు కతోలికులు పారిష్‌ని విచారణ అనే అంటారు, అక్కడి ఫాదర్‌ని విచారణ గురువు అంటారు. పక్కింటివాళ్ళ తెలుగు మన చెవిన పడకపోతే తప్పు వాళ్ళదా?

"పారిష్ అనే ఉంచెయ్యాల్సింది, దాని అర్థం స్పష్టం" అన్నది ఆయన రెండో వాదన. ఏమిటా స్పష్టత? గ్రీకులో 'పరా' అంటే పక్కన, 'ఒయికొస్' అంటే ఇల్లు. 'పరొయికొస్' అంటే ఊళ్ళో ఉంటూ ఊరివాడు కానివాడు, పౌరహక్కు లేనివాడు. (మన 'పరాయి'తో చుట్టరికం కలపాలని చెయ్యి దురద పెడుతోంది, ఆపుకుంటున్నా.) చచ్చిపోయిన భార్యని పాతిపెట్టడానికి ఆరడుగుల నేల అడుగుతూ అబ్రాహాము తనని తాను చెప్పుకున్న మాట, గ్రీకు బైబిల్లో, ఇదే. ఈ లోకంలో మేం పరవాసులం అనుకున్న తొలి క్రైస్తవులు తమ సమూహానికి 'పరొయికియా' అని పేరు పెట్టుకున్నారు.

అది లాటిన్లో 'పరోకియా' అయింది. మధ్యయుగాల మొదట్లో చాలాచోట్ల బిషప్పు ఏలుబడి మొత్తాన్నీ అలాగే అనేవారు. డయోసీస్ అన్నది అసలు రోమన్ సర్కారు మాట, డయోక్లీషియన్ సామ్రాజ్యాన్ని 12 డయోసీసులుగా కోశాడు. తర్వాత బిషప్పుకి డయోసీసు, కింది ఫాదర్‌కి పారిష్ మిగిలాయి. పంటలో దశమభాగం ఎవరికి చెల్లించాలో తేల్చాలంటే హద్దు కావాలి, హద్దులు గీశారు. 1215లో నాలుగో లాటరన్ సభ, ఏడాదికొకసారి ఎవరి ఫాదర్ దగ్గర వాళ్ళు పాపసంకీర్తనం చెయ్యాలంది. పరవాసి మాట స్థానికుడి చిరునామా అయిపోయింది.

వ్యుత్పత్తి చూపించి నేటి అర్థాన్ని శాసించకూడదు, ఒప్పుకుంటాను. కానీ చరిత్ర కూడా ఆమె పక్కనే ఉంది. ఇంగ్లండులో 1601 చట్టం పేదల పోషణని పారిష్ మీద పెట్టింది. 1662 చట్టం, ఏడాదికి పది పౌండ్ల లోపు అద్దె ఇంట్లో దిగిన కొత్తవాడు భారమవుతాడనుకుంటే, నలభై రోజుల్లోగా ఫిర్యాదు చేసి పాత పారిష్‌కి తోలెయ్యొచ్చంది. పరొయికొస్‌ని పారిష్ బయటికి గెంటింది!

గెంటేముందు మేజిస్ట్రేట్లు ప్రమాణం చేయించి అడిగేవారు: ఎక్కడ పుట్టావు, ఎవరి దగ్గర పనిచేశావు, ఎంత అద్దె కట్టావు? జవాబులు రాసిన ఆ కాగితాలు ఇప్పటికీ అక్కడి రికార్డు ఆఫీసుల్లో ఉన్నాయి. బాగోగులు చూడ్డం, నిలదీసి అడగడం, రెండూ ఒక్క మాటలో పట్టేది 'విచారణ'. ఇంతకంటే మంచి తెలుగు మాట ఉంటే ఆ పెద్దమనిషినే చెప్పమనండి.