సంగటి దిగని గొంతులు: కృష్ణగిరి జిల్లా కలెక్టరుగారికి బహిరంగ లేఖ

అయ్యా,

అంచెట్టి పల్లెల్లో రాగిసంగటిని నమలం. తుంచి, పులుసులో అద్ది మింగుతాం. ఆ ముద్ద ఎదరొమ్ములో నిలిచిపోతే ‘గ్యాసు’ అని సోడా తాగిస్తారు. ముద్దే కాదు, మంచినీళ్లూ దిగకుంటే, పడుకోగానే తిన్నది గొంతులోకి ఎగదన్నుతుంటే అది అకలేషియా కావచ్చు. అన్నవాహిక కండరాలు ముద్దను కిందికి నెట్టవు, పొట్ట దగ్గరి కవాటం వదులు కాదు. తొలిదశలో ఎండోస్కోపీలో ఏమీ కనబడకపోవచ్చు. బేరియం ఎక్స్‌రే జాడ చూపుతుంది, మానోమెట్రీ తేల్చి చెబుతుంది. దీనికి వైద్యం ఉంది. 2008లో జపాన్ వైద్యుడు ఇనోవే మొదలుపెట్టిన ‘పోయెమ్’ పద్ధతిలో ఒంటిమీద కోతే ఉండదు.

ఇంటింటికీ వైద్యం అందించే ‘మక్కళై తేడి మరుత్తువమ్’ పథకం 2021 ఆగస్టు 5న మన జిల్లాలోని సామనపల్లిలోనే మొదలైంది. బీపీ, షుగరు చూసే ఆ కార్యకర్తల చేత “సంగటి, నీళ్లు సుళువుగా దిగుతున్నాయా?” అని కూడా అడిగించండి. దిగడం లేదన్నవాళ్లను కృష్ణగిరి ప్రభుత్వ వైద్య కళాశాలకు పంపించండి. మింగుడు రోజురోజుకూ కష్టమై మనిషి చిక్కిపోతుంటే క్యాన్సరూ కావచ్చు. అలాంటివాళ్ల విషయంలో ఆలస్యం అసలే వద్దు. పరీక్షలు ఎక్కడ, ఏ రోజు చేస్తారో అంచెట్టి ఆరోగ్య కేంద్రం గోడమీద తమిళం, తెలుగు, కన్నడాల్లో రాయించండి.

ఇట్లు,
అంచెట్టి వాసి