సాక్షి చెప్పడమే నేరమా?

"మనకెందుకొచ్చిన గొడవ!" ఈ మాట వినపడని ఊరు లేదు. కళ్లముందు ఘోరం జరిగినా, చూసినవాళ్లు చూడనట్టే తలుపులేసుకుంటారు. వాళ్లని పిరికివాళ్లని తిట్టడం తేలికే. మరి ముందుకొచ్చి చెప్పినవాడికి చివరికి ఏం మిగులుతోంది? ఈ ప్రశ్నకి స్వీడన్ దేశంలో జరిగిన ఒక కేసు చూస్తే చాలు.

1986 ఫిబ్రవరి 28 రాత్రి. ప్రధానమంత్రి ఓలఫ్ పామే భార్యతో సినిమా చూసి, అంగరక్షకులు లేకుండా మామూలు మనిషిలా స్టాక్‌హోం వీధిలో నడిచి వెళ్తున్నాడు. ఎవడో వెనకనుంచి వచ్చి కాల్చి, పక్క సందులోని మెట్లెక్కి పారిపోయాడు. ఆ తుపాకీ దొరకనేలేదు.

ఆ దగ్గర్లోనే స్కాండియా అనే ఇన్సూరెన్సు కంపెనీ ఆఫీసు. అందులో బొమ్మలు గీసే ఉద్యోగి స్టిగ్ ఎంగ్‌స్ట్రోమ్. హత్యాస్థలానికి మొదట చేరినవాళ్లలో తానొకడినని పోలీసులకు చెప్పాడు, పత్రికలకూ చెప్పాడు. పోలీసులు తన మాట పట్టించుకోవడం లేదని గోలపెట్టాడు కూడా. వాళ్లు మాత్రం అతన్ని నమ్మదగని సాక్షిగా పక్కన పెట్టేశారు. అతను 2000లో చనిపోయాడు. ఇరవై ఏళ్లయ్యాక, 2020 జూన్ 10న, ప్రాసిక్యూటరు అతన్నే హంతకుడిగా పేర్కొని, మనిషి లేడు గనుక కేసు మూసేస్తున్నట్టు ప్రకటించాడు!

గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నాడని కొందరనొచ్చు. అక్కడున్న మిగతావాళ్లకి అతను గుర్తులేడన్న మాటా నిజమే. అయితే దాన్ని 1986లోనే గట్టిగా నిలదీసి తేల్చాల్సింది. జవాబు చెప్పుకోలేని మనిషి మీద మోపిన నేరం ఏ కోర్టులో తేలుతుంది?

పామే భార్య లిస్బెత్ సంగతి ఇంకోరకం. 1988లో పోలీసులు చూపించిన వరసలోంచి ఆమె ఒకణ్ని గుర్తుపట్టింది. 1989లో కింది కోర్టు అతనికి శిక్ష వేసింది, అదే ఏడు పై కోర్టు వదిలేసింది. అనుమానితుడు తాగుబోతన్న సంగతి ఆమెకి ముందే తెలిసిపోవడం ఆ సాక్ష్యాన్ని దెబ్బతీసింది. మా లాబరేటరీలో ముందే జవాబు చెప్పేసి రీడింగు తియ్యమంటే ఆ రీడింగుకి విలువుంటుందా? ఇక్కడ తప్పు చూసిన కంటిది కాదు, చూపించిన పద్ధతిది.

కళ్లు చూసింది కొంత, మనసు కలిపింది కొంత. సాక్ష్యమంటే ఇంతే. అందుకే దాన్ని వేడి ఆరకముందే, మనిషి బతికుండగానే, జాగ్రత్తగా పరీక్షించాలి. సాక్షిని దేవుణ్ని చెయ్యక్కర్లేదు, ముద్దాయినీ చెయ్యకూడదు. పోలీసులూ పత్రికలూ ఈ మర్యాద పాటించనంతకాలం, తలుపులేసుకునే జనాన్ని తప్పుపట్టే హక్కు మనకెక్కడిది?

రేపు మనలోనే కొందరు ప్లీడర్లు, ఆఫీసర్లు, విలేఖరులు అవుతారు. మిత్రులారా, మన ముందు నిలబడి "నేను చూశాను" అన్నవాడి మాట పూర్తిగా విందాం. నిజమో కాదో అప్పుడే తేలుద్దాం.