పోస్టు చెయ్యని ఉత్తరాలు

చిత్రకారిణి జరీనా హష్మీ పుట్టింది 1937లో, అలీగఢ్‌లో. దేశ విభజన తర్వాత కొన్నేళ్లకు కన్నవాళ్లు కరాచీ వెళ్లిపోయారు. ఆమె న్యూయార్క్‌లో స్థిరపడింది. తల్లిదండ్రుల మరణం, ఇల్లు అమ్మేయడం - ఇవన్నీ అక్క రాణి ఉర్దూలో ఉత్తరాలుగా రాసింది, పోస్టు మాత్రం చెయ్యలేదు. తర్వాతెప్పుడో చేతికందిన ఆ ఉత్తరాల మీదే ఇళ్ల నక్షాలు, పటాలు అచ్చొత్తి 2004లో జరీనా ఒక చిత్రమాల చేసింది.

దీన్ని ఉత్త బెంగగా చూసేవాళ్లతో నాకు పేచీ. ఇది వాంగ్మూలం. చాలా ఇళ్లు ఆడవాళ్ల పేరున ఉండవు గనుక వాళ్లు పోగొట్టుకున్నది నిర్వాసితుల జాబితాకెక్కదు. ముంపు గ్రామాల్లో మనం నింపే ఫారాల్లోనూ ఎకరాలకే గళ్లు! ఈసారి ఆడవాళ్లను విడిగా కూర్చోబెట్టి, వదిలొచ్చిన ఇంటి నక్షా గీయమని అడుగుదాం.